కార్ఖానా ఊళ్లలో బంతి ఆట

పశ్చిమ బెంగాలులోని ఖరగ్‌పూరు రైల్వే పట్టణంలో నిమ్‌పురా ఒక పేట. గూడ్సు బండ్లను విడదీసి, మరల కూర్చి, దారి మళ్లించే పెద్ద యార్డుకు కూడా ఆ పేరే ఉన్నందువల్ల రైల్వే ఉద్యోగులకు అది చిరపరిచితమైన పేరు. తెలుగువారికి అది పరిచితం కావడానికి వేరొక కారణమున్నది. శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం ప్రాంతాల నుండి పనిని వెదకుకొంటూ వెళ్లిన కుటుంబాలు అనేకం తరాల కిందటనే ఖరగ్‌పూరులో స్థిరపడినవి. నిమ్‌పురా వీధులలో నేటికీ తెలుగు వినబడుతుంది. 2020 డిసెంబరులో పశ్చిమ బెంగాలు మంత్రివర్గం తెలుగుకు రాష్ట్రంలో అధికార భాషా ప్రతిపత్తిని ఇవ్వడానికి అంగీకరించినప్పుడు అందుకు ప్రధాన కారణంగా నిలిచినది ఈ పట్టణమే.

ఇక్కడ పూర్వం ఊరూ గుడీ లేకపోలేదు. ఇందాలోని ఖడ్గేశ్వరాలయం పేరుమీదనే పట్టణానికి పేరు వచ్చినదని చెప్పుకొంటారు. కాని నేడు మనమెరిగిన ఖరగ్‌పూరును నిర్మించినది రైల్వే కంపెనీ. ఇండ్ల వరుసలు, మంచినీటి గొట్టాలు, ఆసుపత్రి, బడి, అంగళ్ల వీధి, చివరకు సాయంకాలం కాలక్షేపానికి కావలసిన ఇన్‌స్టిట్యూట్, ఆటస్థలం కూడా కంపెనీ గీసిన పటంలో ముందే ఉన్నవి. ఇటువంటి ఊరిలో ఆట ఎవరిది? స్థలమిచ్చిన కంపెనీదా, ఆడిన కార్మికునిదా, చుట్టూ నిలబడి కేకలు వేసిన పేటవారిదా? ఈ ప్రశ్నకు ఖరగ్‌పూరు ఒక్కదానినే చూచి సమాధానం చెప్పడం కష్టం. ఇంచుమించు అదే కాలంలో, అదే రకపు రైల్వే కార్ఖానా పక్కన, వేరొక బంతి ఆట పెరిగిన ఊరు ఒకటి అమెరికాలో ఉన్నది. దానిని పక్కన పెట్టి చూస్తే విషయం కొంత తేటపడుతుంది.

అమెరికావారు ఫుట్‌బాల్ అని పిలిచే ఆట మనమెరిగిన ఫుట్‌బాల్ కాదు. అండాకారంలో ఉండే బంతిని చేతులతో పట్టుకొని, అడ్డువచ్చినవారిని భుజాలతో తోసుకొంటూ, అవతలి గీత దాటించడం అందులోని ముఖ్య వ్యాపారం. 1869 నవంబరు 6వ తేదీన న్యూ బ్రన్స్‌విక్‌లో రట్గర్స్, ప్రిన్‌స్టన్ కళాశాలల విద్యార్థులు పక్షానికి ఇరవై ఐదుగురు చొప్పున ఆడిన పోటీని ఆ ఆటకు ఆరంభంగా లెక్కిస్తారు. యేల్ కళాశాలలో చదివిన వాల్టర్ క్యాంప్ 1880 తరువాత నియమాలను సంస్కరించి, జట్టును పదకొండుగురికి కుదించి, నేటి రూపానికి బాట వేసినాడు.

తొలినాళ్లలో ఆ ఆట చుట్టూ అల్లుకొన్న సామాజిక వాతావరణం సంపన్నులది. నవంబరు చివర గురువారంనాడు వచ్చే కృతజ్ఞతా పర్వదినాన న్యూయార్క్ నగరంలో పెద్ద కళాశాలల పోటీ జరిగేది. 1890 దశకం నాటికి ఆ పోటీని చూచేందుకు సుమారు 40 వేలమంది చేరేవారు. కలిగినవారు నాలుగు గుర్రాల బండ్లకు తమ కళాశాల రంగుల పట్టీలు కట్టి, ఫలహారాలు వెంటబెట్టుకొని ఊరేగింపుగా బయలుదేరేవారు. బండి పైకప్పే వారికి కూర్చునే వేదిక. ఇంటి ఆడవారు ఏ రంగు పూలు ధరించినారో చూచి ఆ కుటుంబం ఏ పక్షమో చెప్పవచ్చును. పండుగనాటి ప్రార్థనలకంటె పోటీకే జనం ఎక్కువైనారని మతాచార్యులు వాపోయినారు. మన రథోత్సవాలలో దేవుని చూచినవారెందరు, తేరును చూచినవారెందరు అన్న ప్రశ్న వంటిదే అది.

ఈ సంపన్న సంస్కృతికి ఒక సిద్ధాంతం కూడా ఉండేది. ఆట ఆటకోసమే ఆడాలి, డబ్బు తీసుకొన్నవాడు పెద్దమనిషి కాడు అన్నది దాని సారాంశం. వినడానికి ఉదాత్తంగానే ఉన్నది. కాని పని చేయనవసరం లేనివాడికే అది సులభసాధ్యం. దానిని బోధించినవారు కూడా ఎల్లవేళలా పాటించలేదు. 1892 నవంబరు 12వ తేదీన పిట్స్‌బర్గ్‌లో అలెఘేనీ క్లబ్బు తరఫున ఒక్క పోటీ ఆడినందుకు యేల్‌కు చెందిన హెఫెల్‌ఫింగర్ 500 డాలర్లు పుచ్చుకొన్నాడు. ఆనాడు గుట్టుగా సాగిన ఆ ముట్టజెప్పు సంగతి అనేక దశాబ్దాల తరువాత క్లబ్బు జమాఖర్చుల పుటలో బయటపడినది. ఉదాత్తమైన ఆ ఆట ప్రాణాంతకం కూడా అయినది. 1905లో ఒక్క ఋతువులోనే పద్దెనిమిది మంది యువకులు మరణించినారని షికాగో ట్రిబ్యూన్ లెక్క కట్టినది. అధ్యక్షుడు థియొడోర్ రూజ్వెల్ట్ కళాశాలల ప్రతినిధులను తన భవనానికి పిలిపించి మందలించవలసి వచ్చినది. మరుసటి సంవత్సరం బంతిని ముందుకు విసరడానికి అనుమతినిస్తూ నియమాలు సడలినవి.

ఈ పెద్దమనుషుల ఆట కార్మికుల చేతికి ఎట్లా వచ్చినదో తెలుసుకోవాలంటే ఒహాయో రాష్ట్రంలోని కొలంబస్ పట్టణానికి పోవాలి. పెన్సిల్వేనియా రైల్‌రోడ్ వారి పాన్‌హాండిల్ శాఖకు అక్కడ ఒక కార్ఖానా ఉండేది. 1901లో ఆ కార్ఖానా కార్మికులు ఒక జట్టును కూర్చుకొన్నారు. దానిని 1907లో పునరుద్ధరించి నిలబెట్టినవాడు జోసెఫ్ కార్. ఆయన ఆ కార్ఖానాలోనే యంత్రాల పని చేసినవాడు, స్థానిక పత్రికకు ఆటల వార్తలు వ్రాసేవాడు. జట్టుకు వెన్నెముక నెస్సర్ సోదరులు. జాన్, ఫిల్, టెడ్, ఫ్రెడ్, ఫ్రాంక్, ఆల్ అనే ఆరుగురు అన్నదమ్ములు ఒకే జట్టులో ఆడినారు. జర్మనీనుండి వలస వచ్చిన కుటుంబం వారిది. బాయిలర్ల పని వారి కులవిద్య వంటిది. ఎర్రగా కాలిన రేకులను వంచి, రివెట్లు బిగించి రాటుదేలిన శరీరాలు వారివి. తండ్రి ఆటగాళ్లకు నీళ్లందించేవాడని, తల్లి వారి చొక్కాలు ఉతికి ఇస్త్రీ చేసేదని ఒక కథ ఉన్నది. అందులో కొంత అతిశయోక్తి ఉండవచ్చును గాని, కార్మిక కుటుంబంలో ఆట ఒక్కడి వ్యవహారంగా ఉండదన్న సత్యం ఆ కథలో ఇమిడి ఉన్నది. 1921లో టెడ్ నెస్సర్, అతని కుమారుడు చార్లీ ఒకే జట్టులో కలిసి ఆడినారు.

సాధన చేసేది మధ్యాహ్నం భోజన విరామంలో. నాలుగు ముద్దలు మింగి, మిగిలిన సమయంలో కార్ఖానా ఆవరణలోనే బంతి పట్టేవారు. శనివారం సాయంత్రం పని ముగియగానే రైలెక్కి, రాత్రంతా ప్రయాణం చేసి, ఆదివారం ఏ దూరపు ఊళ్లోనో ఆడి, మరల రాత్రి రైలులోనే తిరిగి, సోమవారం ఉదయం కూత వేళకు పనిలో ఉండేవారు. ఇదంతా సాధ్యం కావడానికి కారణం రైల్వే పాసు. కార్మికులకు కంపెనీ ఇచ్చే ఉచిత ప్రయాణపు పాసు ఉన్నందువల్ల జట్టుకు దారిఖర్చు లేదు. అందుచేత కార్ తన జట్టును స్వంత ఊళ్లో తక్కువగానూ పొరుగూళ్లలో ఎక్కువగానూ ఆడించినాడు. సొంత మైదానానికి అద్దె కట్టే బాధ తప్పినది, ఎదుటివారి ఊళ్లో వసూలైన సొమ్ములో వాటా దక్కినది. కంపెనీ ఇచ్చిన సౌకర్యం ఆ విధంగా కార్మికుల సొంత మూలధనమైనది.

కళాశాలల పోటీ శనివారం, కార్మికుల పోటీ ఆదివారం. ఈ చిన్న తేడాలో ఆనాటి వర్గభేదమంతా కనబడుతుంది. ఆదివారం ఆడడం అపచారమని కులీనులు ఈసడించుకొన్నారు. పెన్సిల్వేనియా రాష్ట్రంలో 1933 వరకు ఆదివారపు పోటీలకు చట్టం అడ్డుపడినది. వారానికి ఒక్కరోజు సెలవున్నవాడు ఇంకే రోజున ఆడగలడని ఎవరూ అడిగినట్లు లేదు.

1920లో ఒహాయోలోని కాంటన్ పట్టణంలో, రాల్ఫ్ హే అనే వర్తకుని మోటారు కార్ల దుకాణంలో జట్ల యజమానులు సమావేశమై ఒక సంఘాన్ని స్థాపించినారు. నేడు కోట్ల డాలర్ల వ్యాపారంగా వెలిగే జాతీయ ఫుట్‌బాల్ లీగ్‌కు పుట్టుక అదే. మరుసటి సంవత్సరమే దానికి అధ్యక్షుడైనవాడు జోసెఫ్ కార్. 1939లో మరణించేవరకు ఆ పదవిలో ఉన్నాడు. ఇందులో ఒక విచిత్రమున్నది. కార్ఖానా భోజన విరామంలోనుండి పైకి వచ్చిన ఆ మనిషే, లీగు నిలదొక్కుకోవాలంటే పెద్ద నగరాలే శరణ్యమని గ్రహించి, చిన్న కార్ఖానా ఊళ్ల జట్లను ఒకటొకటిగా తెరమరుగు కానిచ్చినాడు. ఆయన సొంత జట్టైన పాన్‌హాండిల్స్ 1922తో ఆ పేరు వదలుకొని, కొద్దికాలానికే అంతరించినది. మరొక మచ్చ కూడా చెప్పక తప్పదు. 1920లో ఫ్రిట్జ్ పొల్లార్డ్ వంటి నల్లజాతి ఆటగాళ్లకు చోటిచ్చిన ఆ లీగు, 1934 నుండి 1945 వరకు ఒక్క నల్లజాతి ఆటగాణ్ణి కూడా దగ్గరికి రానీయలేదు. వ్రాతపూర్వకమైన నిషేధం ఏదీ లేదు. యజమానుల మౌనమే నిషేధమైనది.

ఇప్పుడు ఖరగ్‌పూరు వైపు చూడవచ్చును.

బెంగాల్ నాగపూర్ రైల్వే కంపెనీ 1887లో ఏర్పడినది. కటకం మార్గం 1899లో తెరచినారు. 1900లో హౌరాతో సంబంధం కలిసినది. 1904లో ఖరగ్‌పూరు కార్ఖానా పని ఆరంభించినది. 1902 నాటికి తూర్పు తీరపు మార్గం వాల్తేరు వరకు అదే కంపెనీ ఏలుబడిలోకి రావడంతో గంజాం, విశాఖపట్నం జిల్లాల పల్లెలకూ ఖరగ్‌పూరు కార్ఖానాకూ మధ్య ఒక్క రైలు ప్రయాణమే మిగిలినది. వరి పంట దెబ్బతిన్న ఏట, అప్పు తీరని ఏట, మనుషులు ఆ రైలెక్కినారు. వెళ్లినవాడు కుదురుకొని తమ్ముణ్ణి పిలిపించుకొన్నాడు, తమ్ముడు బావమరిదిని. బెంగాలీవారు ఆ వచ్చినవారిని తెలంగాలు అన్నారు. ఆ మాటకు బెంగాలులో అంతకుముందే ఒక అర్థం ఉన్నది. ఈస్టిండియా కంపెనీ సైన్యంలోని సిపాయిలను ఒకప్పుడు అక్కడ తెలంగాలని పిలిచేవారు, తొలి సిపాయిలలో అనేకులు తెలుగుదేశంనుండి వెళ్లినందువల్ల. ఒక కంపెనీ కొలువులో పుట్టిన పేరు ఇంకొక కంపెనీ కొలువులో మరల వినబడినది.

ఈ పల్లెలవారికి దేహబలాన్ని గౌరవించే సంప్రదాయం కొత్త కాదు. విజయనగరం ప్రాంతంలో తాలింఖానాలు, సాముగరిడీలు, కుస్తీలు ప్రసిద్ధమైనవి. వీరఘట్టంలో పుట్టి, ఛాతీకి చుట్టిన గొలుసులను తెంచి, ఏనుగును రొమ్ముపై నిలిపి కలియుగ భీముడనిపించుకొన్న కోడి రామమూర్తి 1942 వరకు జీవించినాడు. చెడుగుడు ప్రతి ఊరి ఆట. కాని ఇవన్నీ ఒంటిబలానికి, ఊపిరి పట్టుకు సంబంధించినవి. పదకొండుగురు తమతమ చోట్లు ఎరిగి, ఈల మోగగానే ఆగి, మరల ఈలతో కదిలే ఆట వేరు. అది కార్ఖానా క్రమశిక్షణకు దగ్గరిది. ఆ ఆటను కంపెనీలు ప్రోత్సహించడం కేవలం ఔదార్యం కాదని ఇక్కడే తెలుస్తుంది.

ఆటకు ముందు తీరిక కావాలి. 1922 నాటి ఫ్యాక్టరీల చట్టం వయోజన కార్మికునికి రోజుకు 11 గంటలు, వారానికి 60 గంటల పరిమితి విధించినది. ఇది తగ్గించిన తరువాతి లెక్క! అంతసేపు సుత్తి పట్టినవాడికి సాయంకాలం మిగిలే వెలుతురు ఎంత? అందుచేత తొలి దశాబ్దాలలో రైల్వే ఆటస్థలాలలో ప్రధానంగా కనబడినవారు ఐరోపా, ఆంగ్లో-ఇండియన్ ఉద్యోగులు. డ్రైవర్లు, గార్డులు, ఫోర్‌మన్లు వారిలోనివారే. రైల్వే కాలనీలలో సాధారణంగా వారికొక ఇన్‌స్టిట్యూట్, భారతీయులకొక ఇన్‌స్టిట్యూట్ ఉండేవి. ఒకదానిలో నృత్యశాల, బిలియర్డ్స్ బల్ల, టెన్నిస్. రెండవదానిలో సాధారణంగా ఒక చదువుకొనే గది, నాటకాల వేదిక, ఒక బంతి. క్వార్టరు కొలతలు, నీటి కొళాయి దూరం, వైద్యశాలలోని మంచం జీతపు తరగతిని, చర్మపు రంగును అనుసరించి ఉన్నప్పుడు ఆటస్థలం మాత్రం అందుకు మినహాయింపు ఎట్లా అవుతుంది?

ఈ విభజన ఖరగ్‌పూరు కల్పించినది కాదు. కలకత్తా ఫుట్‌బాల్ లీగు 1898లో మొదలైనది. దాని మొదటి తరగతిలో భారతీయ జట్లు రెండింటికి మించి ఉండరాదన్న నియమం 1920 దశకం నడుమ వరకు అమలులో ఉండినది. ఈస్ట్ బెంగాల్ జట్టు 1925లో మొదటి తరగతిలో అడుగుపెట్టడానికి ఆ నియమాన్ని సడలించవలసి వచ్చినది. అంతకుముందే, 1911 జులై 29వ తేదీన, మోహన్ బగాన్ జట్టు ఈస్ట్ యార్క్‌షైర్ సైనికదళాన్ని 2-1తో ఓడించి షీల్డు గెలిచినది. ఆ జట్టులో పదిమంది వట్టికాళ్లతో ఆడినారు, బూట్లు వేసుకొన్నవాడు ఒక్కడే. జనాన్ని తీసుకువచ్చేందుకు ప్రత్యేక రైలు నడిచినది. మైదానం కనబడనంత దూరంలో నిలిచినవారికి గాలిపటాలెగురవేసి ఎన్ని గోల్సో తెలియజేసినారట. బెంగాలులో ఆ ఋతువు వానాకాలం కావడం వట్టికాళ్ల ఆటగాళ్లకు ఒక శాపం. ఎండిన నేలమీద వారి వేగానికి బూట్లు సాటి రావు. బురదలో మాత్రం బూట్లదే పైచేయి. బూట్ల ధరను బట్టి చూస్తే వానాకాలం కూడా డబ్బున్నవాడి పక్షమేనన్నమాట.

ఇక్కడ ఒక ఆర్థిక సూక్ష్మం చెప్పుకోవాలి. ఆటలకు, ఇన్‌స్టిట్యూట్లకు డబ్బు ఎక్కడిది? సభ్యుల చందాలు కొంత. కంపెనీ గ్రాంటు కొంత. వీటికి తోడు భారతీయ రైల్వేలలో జరిమానా నిధి అనేది ఒకటి ఉండేది. పనికి ఆలస్యంగా వచ్చినందుకు, పనిముట్టు పాడుచేసినందుకు జీతంలోనుండి కోసిన సొమ్మును ఒకచోట కూడబెట్టి, ఉద్యోగుల వినోదానికి, సంక్షేమానికి వినియోగించేవారు. తరువాత అదే ఉద్యోగుల ప్రయోజన నిధిగా మారినది. 1936 నాటి వేతనాల చెల్లింపు చట్టం కూడా జరిమానాలను కార్మికుల మేలుకే ఖర్చు చేయాలని ఆదేశించినది. న్యాయంగానే ఉన్నది. కాని కంపెనీ బహుమానమని పొగడబడిన బంతిలో, కూత మోగిన తరువాత గేటు చేరిన ఏ ఫిట్టరు జీతమో కొంత చేరి ఉండవచ్చునన్న సంగతి దాత పేరు చెక్కిన ఫలకాలపై కనబడదు.

కంపెనీలు ఆశించిన ఫలం సంఘశాంతి. ఆ ఫలం దక్కలేదు. అమెరికాలో 1922 జులైలో సుమారు నాలుగు లక్షలమంది రైల్వే కార్ఖానా కార్మికులు జీతాల కోతకు ఎదురుతిరిగి సమ్మె చేసినారు. ఖరగ్‌పూరులో 1927 ఫిబ్రవరిలో సమ్మె వచ్చినది. అదే సంవత్సరం సెప్టెంబరులో ఉద్యోగాల తొలగింపుపై కార్ఖానాలో రెండవ పోరాటం చెలరేగి నెలల తరబడి సాగినది. బెంగాల్ నాగపూర్ రైల్వే కార్మిక సంఘానికి నాయకుడు వరాహగిరి వేంకటగిరి. బరంపురంలో పుట్టిన తెలుగువాడు, తరువాతి కాలంలో, 1969 నుండి 1974 వరకు, దేశాధ్యక్షుడు. ఆ కాలంలో ఐరోపా, ఆంగ్లో-ఇండియన్ రైల్వే ఉద్యోగులు సహాయక సైనికదళంలో చేరి ఉండేవారు. అలజడి కలిగినప్పుడు తుపాకి పట్టి కంపెనీ ఆస్తిని కాపాడడం వారి విధి. ఆటస్థలంలో రెండు ఇన్‌స్టిట్యూట్ల మధ్యనున్న గీత సమ్మెనాడు మరింత స్పష్టమైనది. ఆట కార్మికులకు ఐకమత్యం నేర్పినదనీ, దానివల్లనే సంఘం పుట్టినదనీ కొందరు చెప్పే మాట చెవికి ఇంపుగా ఉంటుంది గాని, ఆకలికీ అవమానానికీ వేరొక గురువు అవసరం లేదు.

అయినా కంపెనీ గీసిన గీతలను ఆట అప్పుడప్పుడు చెరిపివేసినది. అందుకు ప్రసిద్ధమైన నిదర్శనం ఖరగ్‌పూరులోనే ఉన్నది. లెస్లీ క్లాడియస్ 1927లో బిలాస్‌పూరులో జన్మించిన ఆంగ్లో-ఇండియన్. అదీ బెంగాల్ నాగపూర్ రైల్వే ఊరే. అతడు ఫుట్‌బాల్ ఆటగాడుగా ఖరగ్‌పూరు వచ్చినాడు. 1946 ప్రాంతంలో ఒకనాడు రైల్వే హాకీ జట్ల సాధనను గట్టుమీద నిలబడి చూస్తుండగా, ఒక ఆటగాడు తక్కువ పడినాడు. 1932 లాస్ ఏంజెలిస్ ఒలింపిక్స్‌లో స్వర్ణపతకం గెలిచిన జట్టులోని డికీ కార్ అక్కడ ఉన్నాడు. ఆయన ఈ కుర్రవాణ్ణి పిలిచి, చేతికి ఒక హాకీ కర్ర ఇచ్చి మైదానంలోకి పంపినాడు. రెండేండ్లు తిరిగేసరికి, 1948లో, ఆ కుర్రవాడు లండన్ ఒలింపిక్స్‌లో స్వతంత్ర భారత జట్టుకు ఆడి స్వర్ణపతకం తెచ్చినాడు. 1952లోనూ 1956లోనూ స్వర్ణమే, 1960లో రజతం. కొలంబస్‌లో ఒక కార్, ఖరగ్‌పూరులో ఒక కార్. పేరు కలియడం కాకతాళీయమే గాని, ఇద్దరూ రైల్వే ఆటస్థలంలో మనుషులను గుర్తించగలిగినవారు కావడం పాఠకునికి తమాషాగా తోచక మానదు.

1944 అక్టోబరులో కంపెనీ పాలన ముగిసి రైల్వే ప్రభుత్వపరమైనది. స్వాతంత్ర్యానంతరం ఆంగ్లో-ఇండియన్ కుటుంబాలు అనేకం ఇంగ్లండుకు, ఆస్ట్రేలియాకు తరలిపోయినవి. వారు ఖాళీ చేసిన క్వార్టర్లలోకి, పదవులలోకి భారతీయులు వచ్చినట్లే ఆటస్థలంలోని చోట్లలోకి కూడా వచ్చినారు. అప్పటినుండి రైల్వే ఆటకు కొత్త అర్థం ఏర్పడినది. అమెరికాలో నెస్సర్ సోదరులు ముందు కార్మికులు, ఆ తరువాత ఆటగాళ్లు. ఇక్కడ వరుస తారుమారైనది. ముందు ఆటగాడు, అందువల్ల ఉద్యోగి. 1928లో ఏర్పడిన రైల్వే క్రీడాసంఘం కాలక్రమాన రైల్వే క్రీడాభివృద్ధి మండలిగా వృద్ధిపొందినది. ఆటలో రాణించినవానికి ఉద్యోగమివ్వడం నియమబద్ధమైనది. ఆనాటి ఫుట్‌బాల్ పేరుకు మాత్రం వేతనం లేని ఆటే. హెఫెల్‌ఫింగర్ 500 డాలర్లను గుట్టుగా పుచ్చుకొన్నాడు. మన ఆటగాడు నెలజీతం, క్వార్టరు, పాసు, పింఛను బహిరంగంగా పుచ్చుకొన్నాడు. వీటిలో ఏది మర్యాదస్థుల పద్ధతి అంటే రెండవదేనని చెప్పాలి.

నిమ్‌పురా వంటి పేటలో ఈ మార్పు ఎంత బలమైనదో ఊహించడానికి పాసు విలువ తెలిసి ఉండాలి. ఇంటిల్లిపాదీ ఏడాదికొకసారి స్వగ్రామం పోవడం, ఆడపిల్ల పెండ్లికి బంధువులను కలుసుకోవడం, ముసలి తల్లిని చూచి రావడం పాసు మీద ఆధారపడిన సంగతులు. మాతా పూజకు డప్పుల మోతతో ఊరేగే తెలుగు కుటుంబాలకు, విశ్వకర్మ పూజనాడు కార్ఖానా యంత్రాలకు దండలు వేసే కుటుంబాలకు రైల్వే ఉద్యోగమంటే జీతం మాత్రమే కాదు, ఊరితో తెగిపోని దారం. తండ్రి ఉద్యోగం కుమారునికి సంక్రమించే రోజులు సన్నగిల్లిన కొద్దీ, బంతి మీద పట్టు ఉన్న పిల్లవానికి ఆట ఒక దారి అయినది. అందులో నెగ్గేవారు ఏ తరంలోనైనా కొందరే. సంధ్యవేళ క్వార్టర్ల మధ్య ఖాళీ జాగాలో ఆడే పిల్లలందరికీ ఆ సంగతి తెలుసునో లేదో గాని, వారిని బడి పుస్తకాలవైపు లాగే తల్లులకు తెలియకపోదు.

ఫుట్‌బాల్‌లో రైల్వేల మంచి రోజులు 1958 నుండి మొదలైనవి. ఆ యేడు ఈస్టర్న్ రైల్వే జట్టు కలకత్తా లీగును గెలిచి, మూడు పెద్ద క్లబ్బుల గుత్తాధిపత్యాన్ని ఛేదించినది. 1961లో రైల్వేల సంయుక్త జట్టు సంతోష్ ట్రోఫీని సాధించినది. 1964లో బి.ఎన్.ఆర్. జట్టు బొంబాయిలో రోవర్స్ కప్పు గెలిచినది. ఆ కప్పు అంతకుముందు తెలుగునేలకు బాగా అలవాటైనది. 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదేండ్లు హైదరాబాద్ సిటీ పోలీసు జట్టు దానిని విడువలేదు. ఆ జట్టును తీర్చిదిద్దిన సయ్యద్ అబ్దుల్ రహీమ్ శిక్షణలోనే 1962 జకార్తా ఆసియా క్రీడలలో భారతదేశం స్వర్ణం గెలిచినది.

ఆ జకార్తా జట్టులోని తులసీదాస్ బలరామ్ సికింద్రాబాదు సమీపంలోని అమ్ముగూడలో, పేద తమిళ కుటుంబంలో పుట్టినాడు. హైదరాబాదు ఆటస్థలాలలో వెలుగులోకి వచ్చి, ఈస్ట్ బెంగాల్‌లో కీర్తి గడించి, 1963లో బి.ఎన్.ఆర్.లో చేరినాడు. ఊపిరితిత్తులకు వచ్చిన జబ్బువల్ల ఇరవై ఏడేండ్లు నిండకముందే ఆట మానుకోవలసి వచ్చినది. క్లబ్బు నీడన మాత్రమే ఉన్న ఆటగానికి అది వీధిన పడే ఘడియ. బలరామ్‌కు రైల్వే ఉద్యోగమున్నది. అతడు తిరిగి సికింద్రాబాదుకు రాలేదు. హుగ్లీ ఒడ్డున ఉత్తర్‌పారాలో స్థిరపడి, 2023 ఫిబ్రవరిలో కాలం చేసినాడు.

కాలం మారి క్రికెట్ రాజ్యమేలుతున్నప్పుడు కూడా ఖరగ్‌పూరు రైల్వే ఆ పాత పద్ధతినే నడిపినది. రాంచీనుండి వచ్చిన మహేంద్రసింగ్ ధోనీ 2001 నుండి 2003 వరకు ఆ స్టేషనులో టిక్కెట్లు తనిఖీ చేస్తూ, రైల్వే జట్టుకు ఆడినాడు. ఒక కిలోమీటరు పైబడి పొడవున్న ఆ ప్లాట్‌ఫారం 2013 వరకు ప్రపంచంలో అతి పొడవైనదిగా పేరు మోసినది. నెస్సర్ సోదరులు కోరుకొన్నదీ, బలరామ్‌ను ఆదుకొన్నదీ, ధోనీ విడిచిపెట్టి పోయినదీ ఒకటే రకపు కొలువు.

అమెరికాలో 1919లో గ్రీన్ బే అనే చిన్న పట్టణపు జట్టుకు చొక్కాలు కొనడానికి ఒక మాంసపు డబ్బాల కంపెనీ డబ్బిచ్చినది. ఆ కంపెనీ రెండేండ్లలో అంతరించినది. జట్టు మాత్రం నేటికీ డబ్బాలు కట్టేవారనే అర్థం వచ్చే ప్యాకర్స్ పేరుతోనే ఆడుతున్నది. బెంగాల్ నాగపూర్ రైల్వే అన్న పేరు కూడా 1952లో పట్టాల మీదినుండి తొలగిపోయినది. ముందు ఈస్టర్న్ రైల్వేలో కలిసి, 1955 ఆగస్టు నుండి సౌత్ ఈస్టర్న్ రైల్వే అయినది. కాని 1964లో రోవర్స్ కప్పు అందుకొన్న ఆటగాళ్ల జట్టు పేరు బి.ఎన్.ఆర్. అనే పత్రికలలో అచ్చయినది.